అన్నపూర్ణ నడుమ గీత యెందుకు?

మన సంఘములో ఆడబిడ్డలకు పేరు పెట్టుటయందు ఒక క్రొత్త వాడుక బయలుదేరినది. అన్నపూర్ణ యను పేరును తీసికొని, నడిమికి విరిచి, ఇంగ్లీషు అక్షరములలో మొదట అన్న యనియు, పిమ్మట ఒక చిన్న అడ్డుగీతయు, ఆ తరువాత పూర్ణ యనియు జనన పత్రముపై వ్రాయించుచున్నారు. బడిలో అన్న యని పిలుతురు, గుడిలో అన్నపూర్ణ యని పిలుతురు, రెండు లోకములకును ఒక్క పేరే సరిపోయినదని తల్లిదండ్రులు సంతోషించుచున్నారు. సాయంకాలపు తరగతులలో తెలుగు నేర్చి, తరువాత అవే తరగతులలో తెలుగు నేర్పుచున్న మేము ఈ వాడుకను ఒప్పుకొనజాలము. ఏల ఒప్పుకొనమో ఇచ్చట చెప్పుచున్నాము. కోపగించుకొనక తుదివరకు చదువుడని మనవి.

ముందుగా పేరు అర్థము చూతము. అన్నమనునది 'తినుట' యను అర్థము గల అద్ ధాతువునుండి పుట్టిన సంస్కృత పదము. తినబడునది అన్నము. తైత్తిరీయోపనిషత్తు భృగువల్లిలో భృగువు తండ్రియైన వరుణుని మాటపై తపస్సు చేసి, మొట్టమొదట తెలిసికొన్నది అన్నమే బ్రహ్మమని. తరువాత ఆయన ప్రాణము, మనస్సు, విజ్ఞానము, ఆనందము వరకు మెట్లెక్కెను. కాని మొదటి మెట్టు అన్నమే. తెలుగువారు ఆ మాటను తెచ్చుకొని, పొయ్యిమీద ఉడికిన బియ్యమునకు పేరుగా నిలుపుకొనిరి.

పూర్ణ యనగా నిండినది. అతిథికి ఎదురు తెచ్చు పూర్ణకుంభములోను, హోమము ముగించు పూర్ణాహుతిలోను ఉన్నది ఈ మాటయే. పూర్ణిమయే మన నోట పున్నమి అయినది. పండుగనాడు మన వంటయిండ్లలో బూరెల లోపల పెట్టు పూర్ణమును ఈ పిల్లలందరు ఎరుగుదురు. ఆ రుచి తెలిసిన నాలుకకు ఈ పేరు అర్థము వేరుగా చెప్పనక్కరలేదు.

అన్నముచేత పూర్ణమైనది అన్నపూర్ణ. ఇది తృతీయా తత్పురుష సమాసము. సమాసమనగా రెండు మాటలు ప్రక్కప్రక్కన నిలుచుట కాదు. రెండును కలిసి, విడిగా ఉన్నపుడు తమకు లేని అర్థమును కనుట. అన్నము ఎల్లయెడల ఉన్నది, నిండుతనము అనేక వస్తువులకు ఉన్నది. ఆకలిగొన్నవానికి ఎంత పెట్టినను తరగని గిన్నె చేతబట్టిన తల్లి మాత్రము ఆ రెండు మాటలు కలిసినచోటనే ఉన్నది. గీత గీసిన క్షణమున ఆమె అచ్చటనుండి లేచి పోవును.

మిగిలినదేమి? తెలుగులో అన్న యనగా పెద్ద సోదరుడు. ఆడపిల్లను దినమంతయు అన్నా యని పిలిచి, సాయంకాలము మా తరగతికి పంపినచో, అన్న, అక్క, తమ్ముడు, చెల్లెలు అను వరుసలు నేర్చుకొను నాడు ఆ బిడ్డ నల్లబల్ల వైపు తెల్లబోయి చూచును. అన్నగారు పూర్ణయను చెల్లెలిని వెంటబెట్టుకొని వచ్చినట్లున్నది ఆ పేరు.

ఇంగ్లీషువారి అన్న వేరు. అది హన్నా యను హీబ్రూ పేరునుండి వచ్చినది, అనుగ్రహమని దాని అర్థము. అది గౌరవింపదగిన పేరు. 1903లో నెల్లూరు ప్రాంతమునుండి రెవరెండు జాన్ రంగయ్యగారు నేటాలుకు వచ్చి తెలుగు బాప్టిస్టు సంఘములకు సేవ చేసినది మొదలు, ఇచ్చటి తెలుగువారిలో క్రైస్తవ కుటుంబములును తమ త్రోవను తాము నడచుచున్నవి. అట్టి యింట బిడ్డకు అన్న యని పేరు పెట్టినచో అది వారి విశ్వాసమునుండి వచ్చిన నిండు పేరు. దానితో మాకు పేచీ లేదు. మన అడ్డుగీత ముందరి అన్న అట్టిది కాదు. అది అన్నమును కాదు, హన్నాయును కాదు, అన్నయును కాదు. ఎదుటివాని నాలుక శ్రమపడకుండ మనము కోసి యిచ్చిన ముక్క.

ఈ పేరు వెనుకనున్న చరిత్రయు చిన్నది కాదు. కాశిలో విశ్వేశ్వరుడే బిచ్చగాడై చేయి చాపగా, గరిటెతో వడ్డించిన యిల్లాలు అన్నపూర్ణ. పదునైదవ శతాబ్దపు మహాకవి శ్రీనాథుడు తన కాశీఖండములో వ్యాసుని ఆకలి కథను తెలుగు చేసెను. కాశిలో శిష్యులతో తిరిగి తిరిగి భిక్ష దొరకక వ్యాసుడు ఆ నగరమునే శపింపబోగా, పార్వతీదేవి సామాన్య గృహిణివలె వాకిట నిలిచి, అతనిని మందలించి, ఆ తరువాత అందరికిని కడుపునిండ భోజనము పెట్టెను. మందలింపు ముందు, వడ్డన తరువాత. మా వ్యాసమును ఆ వరుసనే నడచుచున్నదని పాఠకులు గ్రహింతురు గాక.

అది పురాణము. ఇక మనుష్యుల చరిత్ర చూడుడు. గోదావరి సీమలో లంకల గన్నవరమున డొక్కా సీతమ్మగారు, 1841లో పుట్టి 1909లో గతించినవారు, రాత్రియనక పగలనక ఏటిదారిన వచ్చినవారికెల్ల అన్నము పెట్టిరి. ఆమెకు జనులిచ్చిన బిరుదు అపర అన్నపూర్ణ. నేడు ఆంధ్రప్రదేశములో బడిపిల్లల మధ్యాహ్న భోజనమునకు ఆమె పేరే పెట్టియున్నారు. దసరా నవరాత్రులలో విజయవాడ ఇంద్రకీలాద్రిపై కనకదుర్గమ్మకు చేయు అలంకారములలో అన్నపూర్ణాలంకారము ఒకటి. పంటలు పండు సీమను అన్నపూర్ణయని పొగడుట తెలుగువారి అలవాటు. ఒక్క మాటలో దేవత, ఒక ముత్తైదువ, ఒక నేల ఇమిడియున్నవి.

ఆ నేలను విడిచి మనవారు ఏల వచ్చిరి? అన్నము కొరకే. 1860 నవంబరు 16న మద్రాసునుండి ట్రూరో ఓడ డర్బను చేరినది మొదలు, 1911లో ఉమ్లాజీ ఓడ వచ్చువరకు, లక్షా యేబదిరెండువేల మందికి పైగా భారతీయులు ఒప్పంద కూలీలుగా నేటాలులో దిగిరి. వారిలో విశాఖపట్టణము, గోదావరి, నెల్లూరు, ఉత్తర ఆర్కాటు జిల్లాల తెలుగువారు అనేకులు. ఆ మధ్యకాలమునందే, 1876 నుండి 1878 వరకు, తెలుగువారు ధాత కరువని పిలిచిన మహాక్షామము మద్రాసు రాజధానిలో లక్షల ప్రాణములను పొట్టన పెట్టుకొనెను. ఇచ్చట చెరకు తోటలలో అయిదేండ్ల ఒప్పందము. మొదటి యేడు మగవానికి నెలకు 10 షిల్లింగులు, స్త్రీకి అందులో సగము. బియ్యమునకు బదులు మొక్కజొన్నపిండి కొలిచి పెట్టిన దినములును కలవు. తరువాత మన బిడ్డలలో ఎవరికైన అన్నపూర్ణయని పేరు పెట్టినచో, అది అలంకారము కొరకు పెట్టినది కాదు. ఆకలి దాటి వచ్చిన యింటివారు పలికిన మాట అది.

ఓడ జాబితాలను చూచినవారికి మరియొక సంగతి తెలియును. ఒక్కొక్క మనిషికి ఒక సంఖ్య, పేరు, తండ్రి పేరు, వయస్సు, కులము, జిల్లా, గ్రామము, ఎత్తు, ఒంటిమీది మచ్చ. ఇంటిపేరునకు అందులో చోటు లేదు. గుమాస్తా చెవికి ఎట్లు వినబడెనో అట్లు వ్రాసెను. లక్ష్మి లచ్చుమి అయినది. సింహాచలము అప్పన్నను తలచి పెట్టుకొన్న అప్పలస్వామి యను పేరు, అక్షరములు జారి, మనుమలకు వంశనామముగా మిగిలినది. నాయుడు, రెడ్డి యను గౌరవపదములే ఇంటిపేర్లయినవి. చదువు రాని ముత్తవ్వలు బల్ల ముందర నిలిచి ఆ వ్రాతను సరిదిద్దగల స్థితిలో లేరు. ఆనాడు మన పేర్లను పరులు కోసిరి. నేడు కలము మన చేతిలోనే ఉన్నది. కోయుచున్నది మనమే.

పత్రముమీది ఒక మాటకు అంత విలువ యేమని కొందరు అడుగుదురు. 1913 మార్చిలో కేపు న్యాయస్థానమున న్యాయమూర్తి సెర్ల్ ఇచ్చిన తీర్పు వలన, క్రైస్తవ పద్ధతిని జరుగని వివాహములు చట్టము ముందు చెల్లనివయ్యెను. ఆ యేడే మన స్త్రీలు చంకలో బిడ్డలతో సత్యాగ్రహమునకు దిగి చెరసాలలకు వెళ్లిరి. 1914లో చట్టము మారెను. భార్య యను ఒక్క మాట పత్రముపై నిలుచుటకు చెర కెక్కిన స్త్రీల సంతతి, కూతురి పేరు ఎట్లు వ్రాసిననేమి యని అనదగునా?

ఎదుటి వాదములను విందము. ఉపాధ్యాయులకు పలుకుట సులభమగునని మొదటి వాదము. మా జీవితములు బడులలోనే గడచినవి గనుక దీనికి బదులు చెప్పు అధికారము మాకు కలదు. మన పొరుగున జూలూ బిడ్డ నొకుతులా ఉన్నది. ఆమె పేరులో శాంతి ఉన్నది, నాలుగు అక్షరములున్నవి, గీత లేదు. ఆమె పెద్దలకు ఒకనాడు బడిలో ఇంగ్లీషు పేరు అంటగట్టిరి. రోలిహ్లాహ్లా యను బాలునకు బడికి వెళ్లిన మొదటి దినమున ఉపాధ్యాయురాలు నెల్సన్ యని పేరు పెట్టిన కథ ప్రపంచమంతయు ఎరుగును. ఆల్బర్టీనా సిసులూగారి పుట్టుపేరు నొంట్సికెలెలో. నేడు ఆ జనులు తమ బిడ్డల నిండు పేర్లను బడి హాజరుపట్టీలోనికి తిరిగి తెచ్చుకొనిరి. ఉపాధ్యాయులు నేర్చుకొనిరి. నొకుతులా నేర్చిన నోటికి అన్నపూర్ణ బరువా? నేపాలములో 8,091 మీటర్ల అన్నపూర్ణా శిఖరము కలదు. 1950లో ఫ్రెంచివారు దానినెక్కి, ఆ పేరును గీత లేకుండగనే తమ పుస్తకములలో వ్రాసికొనిరి. పర్వతమునకు లేని కష్టము పసిబిడ్డకేల?

గీత ఉన్నను పేరు ఒకటేగదా యని రెండవ వాదము. కాదు. పాస్‌పోర్టు అడుగున యంత్రము చదువు పంక్తులను చూడుడు. అచ్చట అడ్డుగీతకు చోటు లేదు. దాని స్థానమున ఖాళీని నింపు గుర్తు పడును, యంత్రము రెండు పేర్లుగా చదువును. మనుష్యులును అంతే. రెండు ముక్కలు చూచినవాడు మొదటి ముక్కనే పిలుచును. పదేండ్లు గడచునప్పటికి పూర్ణ యను భాగము పత్రములో మాత్రమే బ్రతికియుండును.

పెద్దయైన పిమ్మట బిడ్డయే ఏది కావలెనో కోరుకొనునని మూడవ వాదము. కోరుకొనుటకు ముందు రెండును ఆమె చెవిని పడవలెను గదా. ఎన్నడును ఎవరును పిలువని పేరును ఏ బిడ్డయు కోరుకొనదు. పొట్టిపేరు కావలెనన్నచో తెలుగే ఇచ్చుచున్నది. పూర్ణ యనుడు, పూర్ణమ్మ యనుడు. విజయనగరపు గురజాడ అప్పారావుగారు పూర్ణమ్మ కథను చెప్పి నూరేండ్లు దాటినను తెలుగువారు ఆ పేరును మరువలేదు.

గీతలన్నియు చెడ్డవని మేము చెప్పుట లేదు. తల్లి తల్లి పేరును, తండ్రి తల్లి పేరును రెండును బిడ్డకు పెట్టదలచి, నడుమ గీత గీసినచో అది న్యాయము. ఇద్దరు మనుష్యులను ఆ గీత కలుపుచున్నది. ఒక్క మాటను రెండుగా చీల్చు గీతనే మేము వలదనుచున్నాము. రాజరాజేశ్వరి, విజయలక్ష్మి, సీతామహాలక్ష్మి యను పేర్లకును ఇదే న్యాయము. వీటిని కలుపు పని సంధియు సమాసమును ఎన్నడో చేసినవి.

ఇక చేయవలసినది. పుట్టబోవు బిడ్డకు ఈ పేరు పెట్టదలచినవారు ఒక్క మాటగా నమోదు చేయింపుడు. గీతతో నమోదైన బిడ్డల తల్లిదండ్రులు దిగులుపడనక్కరలేదు. 1992 నాటి జనన మరణముల నమోదు చట్టము పేరు మార్చుకొనుటకు దారి చూపుచున్నది. ఆ శ్రమ వలదనుకొన్నచో పత్రమును అట్లే ఉండనిండు, నోటిని మార్చుకొనుడు. ఇంట నిండుగా పిలువుడు. ఉపాధ్యాయులకు మొదటి దినముననే పేరు పలికి చూపుడు. తెలుగు అక్షరములలో అన్నపూర్ణ యని ఒకే మాటగా వ్రాయుట బిడ్డకు నేర్పుడు. నకారము క్రింద నకారము, రేఫ క్రింద ణకారము, వారము దినములలో వచ్చును.

1996 నాటి ఈ దేశపు రాజ్యాంగము, గౌరవింపవలసిన భాషలలో తెలుగును పేరుపెట్టి చెప్పినది. రాజ్యాంగము గౌరవించిన భాషను జనన పత్రమున మనమే చీల్చుట తగదు. సుమారు నూరేండ్ల క్రిందట కాశినుండి దొంగిలింపబడి కెనడా చేరిన అన్నపూర్ణా విగ్రహమును 2021లో తిరిగి తెచ్చి కాశీ విశ్వనాథుని ఆలయమున నిలిపిరి. దానికి అనేకులు పూనుకొనవలసివచ్చెను. పేరును నిలుపుకొనుటకు తల్లిదండ్రులు చాలును.

ఈ శుక్రవారము అర్చనకు వచ్చునపుడు పూజారిగారు బిడ్డ పేరు అడుగుదురు. గోత్రము, నక్షత్రము చెప్పినట్లే పేరును నిండుగా చెప్పుడు.