మేము తొలగించిన ఊరు

గత నెల ఒక శుక్రవారం నాడు జుమా నమాజు ముగించుకొని ఉప్పల్‌లోని మా ఇంటికి చేరాము. మరుసటి వారం పాఠానికి కావలసిన ఒక గ్రంథం ప్రతిని ఫోన్‌లోకి దించుకోబోతే, చోటు లేదన్న హెచ్చరిక వచ్చింది. ఏదో ఒకటి తీసివేయక తప్పదు. మా వాట్సప్‌లో ఏళ్ల తరబడి పేరుకొన్న 'జుమా ముబారక్' బొమ్మలే వేలకొద్దీ ఉన్నాయి. వాటిని ఏరే ఓపిక ఆ మధ్యాహ్నం మాకు లేకపోయింది. తెర జరుపుతూ పోగా, పసుపు మీసాల మనిషి నోరు తెరచి అరుస్తున్న ఒక గుర్తు కంటబడింది. ఏదో ప్రకటన మీద వేలు పడితే దానంతట అదే వచ్చి చేరిన యాప్ కాబోలు అనుకొన్నాము. వేలు అదిమిపట్టి 'అన్‌ఇన్‌స్టాల్' నొక్కాము. గ్రంథం దిగింది. మనసుకు హాయిగా కూడా అనిపించింది.

శనివారం సాయంత్రం నాచారం నుండి మా అమ్మాయి, మనవడు వచ్చారు. వాడికి పదేళ్లు. ఇంట్లో వాడికి ఫోన్ ఇవ్వరు. వారానికి ఒకసారి మా ఇంటికి వచ్చినప్పుడు, హోంవర్క్ అయ్యాక, మా ఫోన్‌లో గంటసేపు ఆడుకోవడానికి అనుమతి. అది మేమే పెట్టిన ఏర్పాటు. వాడు ఫోన్ తీసుకొని కాసేపు అటూ ఇటూ వెదికి, "నానా, నా ఊరు ఏది?" అని అడిగాడు.

ఆ ఊరి సంగతి పాఠకులకు కొంత చెప్పాలి. ఫిన్లాండ్ దేశపు సూపర్‌సెల్ అనే సంస్థ 2012లో ఐఫోన్లకు, 2013లో ఆండ్రాయిడ్ ఫోన్లకు 'క్లాష్ ఆఫ్ క్లాన్స్' అనే ఆటను విడుదల చేసింది. ఆడేవారికి మొదట ఇంచుమించు ఖాళీ నేల ఇస్తారు. దానిలో బంగారు గని, గోడలు, ఫిరంగులు ఒక్కొక్కటిగా కట్టుకోవాలి. తొలినాళ్ల కట్టడాలు నిమిషాలలో పూర్తవుతాయి. పోనుపోను ఒక్కొక్కదానికి గంటలు, తరువాత రోజులు పడతాయి. గోడనైతే ముక్క ముక్కగా బలపరచాలి. మా మనవడు వారానికి ఒక గంట చొప్పున రెండేళ్లు ఆడి టౌన్ హాలును ఏడవ మెట్టుకు చేర్చాడు. వాడి ఊరు పేరు కూడా 'నాచారమే'.

ఇవన్నీ మాకు తరువాత తెలిసిన సంగతులు. ఆ సాయంత్రం మాత్రం మేము, "ఫోన్ పాతబడింది నాయనా, అదే పోయి ఉంటుంది. మళ్ళీ వేస్తానులే" అన్నాము. మళ్ళీ వేశాము కూడా. తెర మీద కొత్త నేల వచ్చింది. ఇక్కడ ఫిరంగి పెట్టు, అక్కడ గని పెట్టు అని మొదటి పాఠం నేర్పే బొమ్మ కూడా వచ్చింది. వాడు ఒక్క నిమిషం చూసి, ఫోన్‌ను చాప మీద బోర్లించి, నానీ దగ్గరికి వెళ్లిపోయాడు. ఏడవలేదు. ఏడ్చి ఉంటే మాకు కొంత తేలికగా ఉండేది.

ఆదివారం నాడు ఉప్పల్‌లోని ఒక మొబైల్ మరమ్మతు దుకాణానికి వెళ్లాము. అక్కడి యువకుడు 1,500 రూపాయలిస్తే సాఫ్ట్‌వేర్‌తో లోపలి డేటా అంతా తవ్వి తీస్తానన్నాడు. దానికి మా జీమెయిల్ పాస్‌వర్డ్, ఫోన్‌కు వచ్చే ఓటీపీ కూడా కావాలన్నాడు. లేచి వచ్చేశాము. ఇది జ్ఞానం వల్ల చేసిన పని కాదు, ఓటీపీ అన్న మాట వింటేనే కలిగే భయం వల్ల చేసిన పని. ఆ భయమే మేలు చేసిందని తరువాత తెలిసింది. యాప్‌ను తొలగించినప్పుడు దాని సొంత డేటాను ఆండ్రాయిడ్ తుడిచివేస్తుంది. పైగా ఈనాటి ఫోన్లలో నిల్వ అంతా గుప్తలిపిలో ఉంటుంది గనుక, తుడిచిన దానిని దుకాణంలో తవ్వి తీయడం జరిగే పని కాదు. ఫోన్‌లో లేనిదానిని ఫోన్‌లో వెదికి ప్రయోజనమేమి?

సోమవారం మా తరగతిలో ఫిఖహ్ పాఠం. ఒకరి వస్తువును మరొకరు పొరపాటున పాడుచేసినప్పుడు ఏమి చేయాలన్న అధ్యాయం. పొరపాటుకు పాపం ఉండకపోవచ్చు గాని, పరిహారం మాత్రం మెడ మీద మిగిలే ఉంటుందని ఏటా చెప్పే మాటనే చెప్పాము. వెనుక వరుసలోని ఒక విద్యార్థి, "ఉస్తాద్, ఆ వస్తువు చిన్నపిల్లవాడిదైతే?" అని అడిగాడు. "చిన్నవాడిదైనా అంతే" అన్నాము. అన్న వెంటనే మా గొంతు మాకే కొత్తగా వినబడింది. ఫోన్ మాదే, నిజమే. ఊరు ఎవరిది? చట్టం దృష్టిలో అది సంస్థదే కావచ్చు. అలాంటి ఆటల ఒప్పందపత్రాలు ఆడేవారికి వాడుకొనే అనుమతిని మాత్రమే ఇస్తాయి, యాజమాన్యాన్ని కాదు. అయినా రెండేళ్ల ఓపిక మాత్రం ఆ బిడ్డదే. పైగా మేము పొరపాటు చేసి ఊరుకోలేదు. నేరాన్ని ఫోన్ మీదికి నెట్టాము. దానిని పొరపాటు అనడానికి వీలులేదు.

ఆ సాయంత్రం అసర్ తరువాత ఆటో ఎక్కి, హబ్సిగూడ మీదుగా నాచారం వెళ్లాము. వాడిని పక్కన కూర్చోబెట్టుకొని, "ఫోన్ చెడిపోలేదు. నేనే తీసివేశాను. ఏమిటో చూడకుండా తీశాను. ఆ రోజు నీకు అబద్ధం చెప్పాను" అన్నాము. వాడు కాసేపు ఆలోచించి, "కావాలని తీశారా?" అని అడిగాడు. కాదన్నాము. వాడు తలూపాడు. తరువాత, మూడు రోజులుగా మాకెవరికీ తట్టని మాటను తనే అన్నాడు: "అబ్బా ఫోన్ పగిలినప్పుడు కూడా ఊరు పోయింది నానా. అప్పుడు అబ్బాకు ఆరు అంకెల నంబర్ వచ్చింది. అది కొడితే మళ్ళీ వచ్చింది."

పరిష్కారమంతా ఆ ఒక్క మాటలో ఉన్నది. ఆట పోయిందంటే ఫోన్‌లోని గుర్తు, దాని వెనుక ఉన్న యాప్ మాత్రమే పోయాయి. ఊరు సంస్థ వారి సర్వర్‌లో చెక్కుచెదరకుండా ఉన్నది. దానికి కావలసింది తాళంచెవి. ఈ ఆటకు ఆ తాళంచెవి పేరు 'సూపర్‌సెల్ ఐడీ'. ఒక ఈమెయిల్‌తో దానిని కట్టిపెడితే, ఎప్పుడు ఏ ఫోన్‌లో ప్రవేశించాలన్నా ఆ ఈమెయిల్‌కు ఆరు అంకెలు వస్తాయి. పద్నాలుగు నెలల క్రితం మా అల్లుడి ఫోన్ తెర పగిలి, ఊరు మా ఫోన్‌లోకి మారినప్పుడు జరిగింది అదే. బిడ్డకు గుర్తున్నది. పెద్దలము మరచిపోయాము, వాడిని అడగనూ లేదు.

చిక్కు ఇంకొకటి ఉన్నది. కొత్త ఫోన్ కొన్నాక మా అల్లుడు కొత్త ఈమెయిల్ తెరిచాడు. పాతదాని పాస్‌వర్డ్ ఆయనకు గుర్తులేదు, దానికి ఇచ్చిన సిమ్ కూడా ఇప్పుడు లేదు. ఆయన పారిశ్రామికవాడలో రెండవ షిఫ్టు ముగించుకొని వచ్చేసరికి రాత్రి పదిన్నర. బీరువాలో కరెంటు బిల్లుల అడుగు నుండి పాత ఫోన్ బయటపడింది. దానికి సరిపడే పాతరకం చార్జర్ పొరుగింటి నుండి వచ్చింది. నలభై నిమిషాల తరువాత పగిలిన తెర వెలిగింది. పాత ఈమెయిల్ అందులో తెరిచే ఉన్నది! అల్హమ్దు లిల్లాహ్. మరికొన్ని నెలలు ఆలస్యమై ఉంటే ఏమయ్యేదో. రెండేళ్లపాటు ఎవరూ ముట్టని వ్యక్తిగత ఖాతాలను తొలగించవచ్చునని గూగుల్ 2023 మే నెలలో ప్రకటించి, ఆ డిసెంబరు నుండి అమలు మొదలుపెట్టింది.

మా ఫోన్‌లో ఆట సెట్టింగ్స్‌కు వెళ్లి, సూపర్‌సెల్ ఐడీ అన్న చోట పాత ఈమెయిల్ వ్రాశాము. పగిలిన తెర మీద ఆరు అంకెలు వచ్చాయి. కళ్ళజోడు లేకుండా కొట్టి మొదటిసారి తప్పు కొట్టాము. రెండవసారి వాడే కొట్టాడు. ఊరు వచ్చింది. మేము లేని రోజులలో ఎవరో దాడిచేసి బంగారం కొంత దోచుకుపోయారు గాని, ఆ ఆటలో దాడి తరువాత కట్టడాలు మళ్ళీ యథాతథంగా నిలుస్తాయి. గోడలన్నీ ఉన్నాయి. వాడు ఒక్కొక్క గోడను వేలితో తాకి లెక్కపెట్టుకొన్నాడు.

అన్ని ఆటలూ ఇలా దయతలచవు. కొన్ని సర్వర్‌లో దాస్తాయి. కొన్ని గూగుల్ ప్లే గేమ్స్ ఖాతాలో దాస్తాయి. వాటిని అదే గూగుల్ ఖాతాతో మళ్ళీ వేస్తే పాత మెట్టు నుండి సాగించవచ్చు. ఏ యాప్ తొలగించామో పేరు గుర్తులేకపోతే, ప్లే స్టోర్‌లో మన ఖాతా బొమ్మను నొక్కి, యాప్‌ల నిర్వహణ అన్న చోట ఇప్పుడు ఫోన్‌లో లేనివాటి జాబితా చూడవచ్చు. ఇవి గాక, ఆండ్రాయిడ్ 2015 నుండి ఒక్కొక్క యాప్‌కు 25 ఎంబీ వరకు డేటాను గూగుల్ డ్రైవ్‌లో తనంతట తానే భద్రపరచే సదుపాయం ఇచ్చింది. అయితే ఫోన్‌లో బ్యాకప్ ఆన్ చేసి ఉండాలి, ఆటను తయారుచేసినవారూ దానికి అనుమతించి ఉండాలి. మైన్‌క్రాఫ్ట్ సంగతి వేరు. పిల్లలు నెలల తరబడి కట్టిన ప్రపంచాలు సాధారణంగా ఆ ఫోన్‌లోనే ఉంటాయి, యాప్‌తో పాటే పోతాయి. అటువంటి చోట పెద్దలు చేయగలిగింది పొరపాటును ఒప్పుకొని, బిడ్డ పక్కన కూర్చొని, మొదటి ఇటుక నుండి మళ్ళీ కట్టించడమే.

ఆట తొలగించకుండానే ఊరు పోగొట్టుకొన్నవారు మా పేటలోనే ఉన్నారు. 2020 సెప్టెంబరు 2న భారత ప్రభుత్వం 118 యాప్‌లను నిషేధించినప్పుడు పబ్‌జీ మొబైల్ కూడా వాటిలో పోయింది. అక్టోబరు 30న మన దేశంలో దాని సర్వర్లు ఆగిపోయాయి. ఆ రోజులలో మసీదు మెట్ల మీద యువకుల ముఖాలు చూసి మేము లోలోపల సంతోషించిన మాట దాచడం లేదు. 2021 జూలై 2న క్రాఫ్టన్ అనే కొరియా సంస్థ 'బ్యాటిల్‌గ్రౌండ్స్ మొబైల్ ఇండియా' పేరుతో కొత్త ఆటను విడుదల చేసి, పాత ఖాతాలోని సామగ్రిని తెచ్చుకొనే వీలు కల్పించింది. ఫేస్‌బుక్ లేదా ట్విటర్‌తో ఖాతా కట్టుకొన్నవారు తెచ్చుకోగలిగారు. 'గెస్ట్'గా, అంటే పేరూ ఊరూ చెప్పకుండా ఆడినవారికి తెచ్చుకోవడానికి దారి లేకపోయింది. ఆ ఆట కూడా 2022 జూలైలో ఆగి, 2023 మే నెలలో తిరిగి వచ్చింది. ఆ ఆటల మీద మా అభిప్రాయం మారలేదు. కాని 'గెస్ట్' అన్న మీటను తొందరలో నొక్కి తన శ్రమంతా పోగొట్టుకొన్న కుర్రవాడిని చూసి సంతోషించడం మా పెద్దరికానికి తగినది కాదని ఇప్పుడు అనిపిస్తున్నది.

కనుక మీ ఇంట్లో పిల్లవాడు ఏదైనా ఆట ఆడుతుంటే, ఈ వారమే ఒకసారి పక్కన కూర్చొని అది గెస్ట్ ఖాతానా, ఏ ఈమెయిల్‌కు కట్టి ఉన్నదో చూడండి. ఆ ఈమెయిల్ తల్లిదండ్రులు ఇప్పటికీ తెరుస్తున్నదై ఉండాలి. ఆటలో పిల్లవాడి పేరు, సంఖ్య కనిపించే తెరను స్క్రీన్‌షాట్ తీసి దాచండి. క్లాష్ ఆఫ్ క్లాన్స్‌లో అది హ్యాష్ గుర్తుతో మొదలవుతుంది. తాళంచెవి పోయినవారు ఆటలోని సహాయ విభాగానికి వ్రాయాలంటే ఆ సంఖ్య, ఎప్పుడు మొదలుపెట్టారు, ఏ ఫోన్లలో ఆడారు, డబ్బు చెల్లించి ఉంటే ఆ రసీదు, ఇవే ఆధారాలు. బయటివారెవరూ పాస్‌వర్డ్, ఓటీపీ అడిగే హక్కుగలవారు కారు. దుకాణదారైనా, బంధువైనా సరే.

మరుసటి శనివారం మనవడు వచ్చినప్పుడు మా ఫోన్‌లో మళ్ళీ చోటు లేదన్న హెచ్చరిక ఉన్నది. వాడు తన గంటలో పావుగంట దానికి కేటాయిస్తానని, వాట్సప్ తెరిచి 'జుమా ముబారక్' బొమ్మల ముందు కూర్చున్నాడు. ప్రతి బొమ్మ దగ్గరా ఆగి, "ఇది తీసేయనా నానా?" అని అడుగుతున్నాడు. మేము చూసి, సరే అన్నాకనే నొక్కుతున్నాడు. పావుగంటలో ముప్పై బొమ్మలు కూడా పోలేదు.