పలుకని పిల్లవాని పక్షమున

2025 మే నెలలో కాళేశ్వరమున సరస్వతీ పుష్కరములు జరిగినవి. గోదావరీ ప్రాణహితల సంగమమున లక్షలాది జనులు స్నానమాడిరి. మూడవ నదియైన సరస్వతిని కన్నులతో చూచినవారు లేరు. అయినను అంతర్వాహినిగా కలదని నమ్ముదురు. కానరాని నదిని నమ్మగల మనము, పలుకని పిల్లవానికి మాత్రము బుద్ధియే లేదని తేలికగా తీర్పు చెప్పుచున్నాము. ఆటిజము గల బాలబాలికల యెడల మనము చేయుచున్న ప్రధానమైన అన్యాయ మిదియే.

ఆటిజము అంటువ్యాధి కాదు, పిచ్చి కాదు. మెదడు ఎదుగుదలలోని ఒక భేదము. ఇతరులతో మెలగుటలో, సంభాషించుటలో తేడాలు, చేసిన పనినే మరల మరల చేయుట, శబ్దమును, వెలుగును, స్పర్శను అతితీవ్రముగానో అతిమందముగానో గ్రహించుట దీని లక్షణములు. ఇవి అందరియందు ఒకే తీరున నుండవు.

1943లో అమెరికాలో లియో కానర్ అను వైద్యుడు 11 మంది పిల్లలను గూర్చి వ్రాసిన వ్యాసముతో ఈ స్థితి వైద్యలోకమున ప్రసిద్ధికి వచ్చెను. పిమ్మట తల్లి ప్రేమ చాలకపోవుటయే కారణమని కొందరు వాదించిరి. ఆటిజము గల బిడ్డకు తండ్రియైన బెర్నార్డ్ రింలాండ్ 1964లో ఆ వాదమును ఖండించెను. టీకాకును దీనికిని ముడిపెట్టుచు 1998లో వెలువడిన వ్యాసమును లాన్సెట్ పత్రిక 2010లో ఉపసంహరించుకొనెను. అయినను తల్లిని నిందించుట, గాలి సోకినదని తాయెత్తు కట్టించుట నేటికిని మానలేదు. మరియొక వైపున, 1988 నాటి ‘రెయిన్ మ్యాన్’ చిత్రము చూచినవారు ఇట్టివారందరును గణితమేధావులని తలచిరి. ఇదియు అపోహయే. అద్భుతశక్తి లేని సామాన్యబాలునికి సాయము అక్కరలేదా?

బడిలో ఈ అపోహలు శిక్షలగుచున్నవి. గంట మ్రోగగానే చెవులు మూసికొను బాలుడు అవిధేయుడు కాడు. ఆ ధ్వని అతనికి బాధ కలిగించుచున్నది. కన్నులలోనికి చూడని బాలిక అబద్ధమాడుట లేదు. అడిగిన ప్రశ్ననే తిరిగి పలుకుట వెక్కిరింత కాదు. “చెవులప్పగించి వినుము” అన్నప్పుడు, చెవులెట్లు అప్పగింతునని అడుగు పిల్లవాడు తుంటరి కాడు. మాటను ఉన్నదున్నట్లు గ్రహించినాడు.

2016 నాటి వికలాంగుల హక్కుల చట్టము గుర్తించిన 21 వైకల్యములలో ఆటిజము కలదు. ప్రభుత్వ నిధులో గుర్తింపో గల విద్యాసంస్థ వివక్ష లేక వీరిని చేర్చుకొనవలెను. ప్రాథమికస్థాయిలో 10 మందికి, ఆపైన 15 మందికి ఒక ప్రత్యేకోపాధ్యాయుడుండవలెనని సుప్రీముకోర్టు 2021లో చెప్పెను. ఆ ఉద్యోగములను ప్రకటింపుమని 2025 మార్చిలో రాష్ట్రములను ఆదేశించెను. ఆటిజమును నిర్ణయించు భారతీయ కొలమానమును 2009లో రూపొందించినది సికింద్రాబాదులోని జాతీయసంస్థయే. కాని కాళేశ్వరపు కూలితల్లికి ఆ నగరము 250 కిలోమీటర్లకు పై దూరము. ఆమె బిడ్డను మొదట గుర్తింపగలవాడు ఊరి బడిపంతులే. బడులకు వచ్చు బాలస్వాస్థ్య వైద్యబృందమునకు చూపుట, భవిత కేంద్రమునకు దారి చెప్పుట ఆయన చేతిలోని పనులు.

తక్కినవి ఖర్చు లేనివి: చేయబోవు పనిని ముందుగా తెలుపుట, మాటతోపాటు బొమ్మ చూపుట, రొద లేని చోట కూర్చుండబెట్టుట. విద్యార్థులారా, మీ తోడి పిల్లవానిని ఆటకు పిలువుడు. రాకున్న రేపు మరల పిలువుడు. ప్రశ్న యడిగిన పిమ్మట జవాబునకై మరికొంతసేపు వేచియుండుట కూడ బోధనయే.