రౌటరు సెట్టింగులకు నకలు

గతమాసమున మా చిన్నవాఁడు రౌటరు వెనుకనున్న సూదిబెజ్జములోఁ బుల్ల దూర్చి రీసెట్ మీటను నొక్కిపట్టెను. సెట్టింగులన్నియుఁ జెఱిగిపోయెను. మఱునాఁడే అమ్మాయి పరీక్ష దరఖాస్తునకుఁ గడపటిదినము! ముందే నకలు దాఁచియుంటిని గాన పావుగంటలో గండము గడచెను.

మీరును రౌటరు సెట్టింగుల పుటను దెఱచి, బ్యాకప్ అనుచోట నొక్కి ఫైలును దింపుకొనుఁడు. దానికిఁ దేదీని, రౌటరు మోడలును, ఫర్మ్‌వేర్ సంఖ్యను బేరుగా నిడి, కంప్యూటరునందొకటి, పెన్‌డ్రైవునందొకటి యుంచుఁడు. అందు వైఫై పాస్‌వర్డు మొదలగు రహస్యములుండును, పరులకుఁ బంపరాదు. ఇంటర్నెట్టు సంస్థవారిచ్చిన యూజరుపేరును, పాస్‌వర్డును కాగితముపైఁ గూడ వ్రాసి పెట్టెలో భద్రపఱచుఁడు.

పునరుద్ధరించునపుడు, రౌటరు అడుగుననున్న చీటిలోని పాస్‌వర్డుతోఁ బ్రవేశించి, రీస్టోర్ అనుచోట ఆ ఫైలు నెక్కింపవలెను. ఒక మోడలు ఫైలు వేఱొక మోడలునకు సాధారణముగాఁ బనికిరాదు. వైఫై నడుమఁ దెగవచ్చును గాన కేబులుతోఁ గలిపి చేయుట మేలు. రౌటరు తనంతటఁ దిరిగి మొదలై, దీపములు నిలుకడగా వెలుఁగువఱకుఁ గరెంటు తీయరాదు. పిమ్మట, నకలు తీసిననాఁటి పాస్‌వర్డులే మరల వచ్చునని మఱవకుఁడు.

కావున సెట్టింగులు మార్చినప్పుడెల్లఁ గ్రొత్తనకలు తీయుఁడు. నిలువయున్నకొలఁది రుచి పెరుగుటకు నకలు పాతబియ్యము కాదు గదా!