విజ్ఞాన వీచిక: ఆరడుగుల బెగ్గురు కొంగ

కొంగ అనగానే చెరువుగట్టున ఒంటికాలిపై నిలిచిన తెల్లని పక్షి మన కళ్ళ ముందు మెదులుతుంది. కాని మనిషంత ఎత్తున్న కొంగ ఒకటి పూర్వం ఇండొనేషియాలోని ఫ్లోరెస్ ద్వీపంలో సంచరించింది. శాస్త్రజ్ఞులు దానికి లెప్టోప్టిలోస్ రోబస్టస్ అని పేరు పెట్టారు. ఈ నెల దానిని పాఠకులకు పరిచయం చేయదలచాము.

ఆ ద్వీపంలో లియాంగ్ బువా అనే సున్నపురాతి గుహ ఉన్నది. మూడున్నర అడుగుల పొట్టి మానవజాతి అస్థిపంజరం 2003లో బయటపడినది ఇక్కడే. అదే గుహలో లభించిన ఎముకలను, ముఖ్యంగా కాలి ఎముకలను పరిశీలించి, హన్నెకె మైయర్, రోకుస్ అవె దుయె అనే శాస్త్రజ్ఞులు 2010లో ఈ పక్షిని వర్ణించారు. ఎత్తు సుమారు 1.8 మీటర్లు, బరువు సుమారు 16 కిలోలు. ఎముకల గోడలు మందంగా ఉండటం వలన ఇది నేలపైనే తిరిగేదనీ, ఎగరటం అరుదనీ భావించారు. ద్వీపాలలో పక్షులు ఎగిరే శక్తిని కోల్పోవటం కొత్త కాదు గనుక ఆ ఊహ సహేతుకంగానే తోచింది.

అనంతరం అదే గుహలో రెక్కల ఎముకలు మరికొన్ని దొరికాయి. రెక్కలు చక్కగా ఎదిగినవనీ, పక్షి ఎగరగలిగేదనీ 2022లో మైయర్ బృందమే ప్రకటించి పూర్వపు అంచనాను సవరించింది. ఒక భాగాన్ని చూచి యంత్రమంతటినీ నిర్ధారించరాదని మా వృత్తిలోనూ పెద్దలు చెబుతూనే ఉంటారు.

మరి ఎగరగల పక్షి ఎందుకు నశించింది? ఆ దీవిలో స్టెగోడాన్ అనే, ఏనుగును పోలిన మరుగుజ్జు జంతువు ఉండేది. దాని కళేబరాలే ఈ కొంగకూ, రాబందులకూ ఆహారమని పరిశోధకుల అభిప్రాయం. సుమారు 50 వేల సంవత్సరాల క్రితం తరువాతి పొరలలో స్టెగోడాన్ జాడ లేదు. కొంగ జాడా లేదు. యంత్రం చెడలేదు, ముడిసరుకు ఆగిపోయింది.

ఈ కొంగకు దగ్గరి బంధువు మన దేశంలోనే ఉన్నది. అస్సాంలో హర్గిలా అని పిలిచే ఆ బెగ్గురు కొంగ కూడా కళేబరాలను, చెత్తకుప్పలను ఆశ్రయించి బ్రతుకుతుంది. అశుభమనీ, రెట్టల కంపనీ ఒకప్పుడు గ్రామస్థులు అది గూళ్ళు కట్టిన చెట్లను నరికేవారు. పూర్ణిమాదేవి బర్మన్ ఆ పల్లెల స్త్రీలను కూడగట్టి వారి మనసు మార్చారు. నేడు వారు ఆ పక్షి బొమ్మలను తమ వస్త్రాలపై నేస్తున్నారు. 2022లో ఐక్యరాజ్యసమితి పర్యావరణ పురస్కారం ఆమెను వరించింది.

ఫ్లోరెస్ కొంగకు రెక్కలుండియు ఆధారం కరవైంది. హర్గిలాకు ఆధారమైన చెట్టు నిలవటమో కూలటమో మాత్రం మనుష్యుల చేతిలోనే ఉన్నది.