ఫస్ట్ రావక్కర్లేదు, మిగిలితే చాలు

స్టంబుల్ గైస్‌లో ఒక మ్యాచ్‌కి 32 మంది దిగుతారు. మొదటి రౌండ్ అయ్యేసరికి 16 మంది మిగులుతారు. రెండో రౌండ్‌కి 8 మంది. మూడోదాంట్లో ఒక్కడు. అంతా కొన్ని నిమిషాల్లో అయిపోతుంది. మిగతా 31 మంది ఫోన్‌ని తిట్టుకుని, మళ్లీ ప్లే నొక్కుతారు.

మొన్న సంక్రాంతికి కోటబొమ్మాళి వెళ్తే మా పిన్ని కొడుకు కూడా ఆ 31 మందిలోనే ఉన్నాడు. ఇంటర్ చదువుతున్నాడు, వేళ్లు మెరుపులా కదుల్తాయి. అయినా గెలవడు. "అన్నాయ్, అందరికన్నా నానే ముందున్నాను. మరి ఎలా ఓడిపోనాను?" అని అడిగాడు. మంచి ప్రశ్న. దీనికి రెండు జవాబులున్నాయి. ఒకటి ఆటలో ఉంది, ఇంకోటి నెట్‌వర్క్‌లో ఉంది. ఈ వారం రెండూ చూద్దాం.

ముందు చిన్న లెక్క. అందరూ ఒకేలా ఆడితే 32 మందిలో మీరు గెలిచే అవకాశం 3 శాతం. ఇప్పుడు మీరు మొదటి రెండు రౌండ్లలో పదికి తొమ్మిది సార్లు నిలబడ్డారనుకోండి. ఫైనల్లో మీకు ఏ గొప్పతనమూ లేదు, ఎనిమిది మందిలో ఒకరు, అంతే. అయినా మీ అవకాశం 10 శాతానికి చేరుతుంది. అంటే మూడింతలు. మొదటి రౌండ్‌లో ఫస్ట్ వచ్చినవాడూ, పదహారోవాడూ రెండో రౌండ్‌కి ఒకేలా వెళ్తారు. ఫస్ట్ వచ్చినందుకు ఫైనల్లో రెండడుగులు ముందు నిలబెట్టరు. మావాడి సమస్య ఇక్కడే మొదలైంది. ప్రతి రౌండ్‌నీ ఫైనల్ లాగే ఆడుతున్నాడు.

ఇవి కొత్త ఆటలేమీ కావు. మన నేలా బండా గుర్తుందా? బండ మీద ఉంటే బతుకు, నేల మీద కాలు పెడితే దొంగ పట్టుకుంటాడు. ఇప్పుడు నేల స్థానంలో లావా వచ్చింది, అంతే. కుర్చీలాటలో పాట ఆగగానే ఒకరు అవుట్. నా వయసు వాళ్లు పోగో ఛానెల్లో జావేద్ జాఫ్రీ గొంతుతో తకేషీస్ క్యాజిల్ చూసే ఉంటారు. 1986లో జపాన్‌లో మొదలైన షో అది. వంద మందికి పైగా బురదలో పడుతూ లేస్తూ పరిగెత్తేవాళ్లు, చివరిదాకా వచ్చేది కొందరే. ఫాల్ గైస్ చేసినవాళ్లకి ప్రేరణ ఆ షోనే. 2020 ఆగస్టులో వచ్చిన ఆ ఆటలో మొదట్లో ఒక్కో షోకి 60 మంది దిగేవాళ్లు. 2021లో స్క్విడ్ గేమ్ సిరీస్ వచ్చాక ఈ రకం ఆటలకి పూనకం వచ్చింది. ఆ నెల తర్వాతే క్రాబ్ గేమ్, 2024 డిసెంబర్లో నెట్‌ఫ్లిక్స్ సొంతంగా స్క్విడ్ గేమ్: అన్‌లీష్డ్. పేర్లు ఎన్నున్నా లోపల కష్టమైన గండాలు మాత్రం ఓ ఐదే.

గుంపు గండం

మొదటి పది సెకన్లలో ఓడిపోయేవాళ్లే ఎక్కువ. అందరూ ఒకే ద్వారంలోకి దూరతారు, ఒకరి మీద ఒకరు పడతారు. కొత్తమ్మ తల్లి జాతరకి వెళ్లినవాళ్లకి ఇది నేర్పక్కర్లేదు. తీర్థం గుంపులో మధ్యలోకి వెళ్తే జనం ఎటు తోస్తే అటు పోతాం. అంచు పట్టుకుని నడిస్తే ముందే చేరతాం. ఇక్కడా అంతే. మొదలవగానే ఒక్క క్షణం ఆగండి, లేదా అంచుకి జరగండి.

ఫాల్ గైస్‌లో డోర్ డాష్ అనే రౌండ్ ఉంది. వరసగా తలుపులు, వాటిలో కొన్నే తెరుచుకుంటాయి. అందరికన్నా ముందున్నవాడు ఏం చేస్తాడు? గోడ లాంటి తలుపుకి తల కొట్టుకుని పడతాడు. వెనక వచ్చినవాడు తెరుచుకున్న తలుపులోంచి హాయిగా వెళ్తాడు. ముందున్నవాడు దారి వెతికే కూలీ, రెండో వరసలో ఉన్నవాడు ఆ కష్టం మీద నడిచే యజమాని. మావాడి ప్రశ్నకి మొదటి జవాబు ఇదే.

ఆగడం అనే గండం

ఎర్ర లైటు, పచ్చ లైటు. బొమ్మ తల తిప్పేలోగా కదలకుండా ఆగాలి. పరిగెత్తడం అందరికీ వచ్చు, కష్టమంతా ఆగడంలోనే. కంటికి కనబడినదానికి వేలు స్పందించడానికి మనిషికి సుమారు పావు సెకను పడుతుంది. మీరు వేలు తీసినా బొమ్మ మనిషి వెంటనే ఆగడు, కొంచెం జారతాడు. దానిమీద నెట్ ఆలస్యం. ఈ మూడూ కలిపితే, బొమ్మ తిరగడం చూశాక ఆగుదాం అనుకున్నవాడు అప్పటికే పోయాడన్నమాట.

అందుకే చిన్న చిన్న పరుగులు పెట్టండి. బొమ్మ తిరుగుతుందని అనిపించకముందే వేలు తీసేయండి. ఒక్కో విడతలో నాలుగడుగులు తక్కువ పడినా ఫరవాలేదు. టైమర్‌ని చూసి లెక్కేసుకోండి: సగం టైముకి సగం దూరం దాటితే చాలు, తొందరే అక్కర్లేదు.

గాజు వంతెన గండం

ఇది నాకు చాలా ఇష్టమైనది, ఎందుకంటే ఇది పూర్తిగా లెక్క. సిరీస్‌లో 18 జతల గాజు పలకలు, 16 మంది మనుషులు. ప్రతి జతలో ఒకటి గట్టిది, ఒకటి పగిలేది. మొదటివాడు వంతెన దాటాలంటే వరసగా 18 సార్లు సరిగ్గా ఊహించాలి. దానికి అవకాశం 2,62,144లో ఒక్కటి. కానీ ఒకడు పడిపోతే ఆ మెట్టు రహస్యం మిగతా అందరికీ తెలిసిపోతుంది. 18 మెట్లలో సగటున 9 తప్పులు జరుగుతాయి కాబట్టి 16 మందిలో 7 మంది మిగలాలి. సిరీస్‌లో ముగ్గురే మిగిలారంటే తోపులాటల వల్లే.

వరసలో ఎక్కడ నిలబడాలి? తొమ్మిదోవాడు దాటే అవకాశం 41 శాతం. పదోవాడికి 59. పదమూడోవాడికి 95. నాలుగు స్థానాలు వెనక్కి జరిగితే బతుకు రెట్టింపు దాటిపోతోంది!

ఆటలో దీనికి దగ్గరిది ఫాల్ గైస్‌లోని టిప్ టో. దొంగ పలకలు కాలు పెట్టగానే పడిపోతాయి. మరీ వెనక ఉంటే పైకెళ్లే స్థానాలు నిండిపోతాయి, మరీ ముందుంటే మీరే గినీపిగ్. మధ్య గుంపులో ఉండి, ఎవరు ఎక్కడ పడ్డారో కళ్లతో గుర్తు పెట్టుకోండి. చివరి రెండు మూడు పలకల దగ్గర మాత్రం ముందుకి రండి. వెనక ఉండాలన్న ఆశ అందరికీ ఉంటుంది కాబట్టి అక్కడ అందరూ ఆగిపోయి చూస్తుంటారు. అప్పుడు ధైర్యం చేసినవాడిదే స్థానం.

మాయమయ్యే నేల గండం

ఫాల్ గైస్‌లో హెక్స్-ఎ-గాన్, స్టంబుల్ గైస్‌లో హనీ డ్రాప్. తేనెపట్టు గదుల్లాంటి పలకలు, కాలు తగిలిన కాసేపటికి మాయం. పరిగెత్తినవాడు తన కింద నేలని తానే తినేస్తాడు. తొక్కుడు బిళ్ల ఆడినట్టు ఒక్కో గడి ఎగరండి. దూకినప్పుడు గాల్లో ఉన్నంతసేపూ నేల ఖర్చు కాదు. పలక మాయమయ్యే చివరి క్షణం దాకా నిలబడి, అప్పుడు పక్కదానికి దూకండి. వీలైనంతసేపు పై అంతస్తులోనే ఉండండి. కిందకి పడక తప్పదు అనిపించినప్పుడు, కింద ఎక్కడ పలకలు ఎక్కువ మిగిలాయో చూసి అక్కడ పడండి. చూడకుండా పడినవాడికి రెండో అంతస్తు ఉండదు, మూడోది ఉండదు.

కదిలే గోడల గండం

బ్లాక్ డాష్ గురించి వేరే చెప్పక్కర్లేదు. ఎదురుగా గోడలు వస్తుంటాయి, సందు దొరికితే సరి, లేకపోతే గోడ మిమ్మల్ని వెనక్కి నెట్టేసి కింద పడేస్తుంది. పోను పోను వేగం పెరుగుతుంది. ఇక్కడ అందరూ చేసేది ఒకటే, దగ్గరికొచ్చిన గోడని చూడటం. దాని సందు మీకు అప్పటికే తెలిసి ఉండాలి. కళ్లు ఎప్పుడూ దాని వెనకాల గోడ మీద ఉండాలి. కెమెరాని కొంచెం పైకి తిప్పుకుంటే రెండూ కనబడతాయి. ఒక గోడ దాటగానే మధ్యలోకి వచ్చేయండి. సందు ఎటు వచ్చినా సగం దూరమే.

ఇక మావాడికి రెండో జవాబు. వాడి ఫోన్‌లో వాడు ముందున్నాడు, నిజమే. కానీ గెలుపు నిర్ణయించేది వాడి ఫోన్ కాదు, ఎక్కడో ఉన్న సర్వర్. కోటబొమ్మాళి నుంచి ముంబైకి గీత గీస్తే సుమారు 1,200 కిలోమీటర్లు, సింగపూర్‌కి సుమారు 2,900. ఫైబర్ కేబుల్లో వెలుగు సెకనుకి 2 లక్షల కిలోమీటర్లు వెళ్తుంది. అంటే వెళ్లి రావడానికే ముంబైకి 12 మిల్లీసెకన్లు, సింగపూర్‌కి 29. ఇది ఏ కంపెనీ తగ్గించలేని కనీసం. దీనికి టవర్ రద్దీ, కేబుల్ వంకరలు కలిపితే పింగ్ 80, 100 అయిపోతుంది. పింగ్ 100 అంటే కబురు సర్వర్‌కి వెళ్లి తిరిగి రావడానికి సెకనులో పదో వంతు పడుతుంది, కాబట్టి మీరు చూస్తున్నది ఎప్పుడూ కాస్త వెనకటి ఆట. అవతలివాడు అప్పటికే గీత దాటేశాడు, ఆ కబురు మీకు ఇంకా రాలేదు.

దీనికి మన చేతిలో ఉన్నవి కొన్నే. ఇంట్లో వెనక గదిలో కన్నా డాబా మీద సిగ్నల్ బాగుంటే అక్కడే ఆడండి. వెనకాల వీడియోలు డౌన్‌లోడ్ అవుతుంటే ఆపండి. గ్రాఫిక్స్ తగ్గించండి. బొమ్మలు అందంగా ఉండటం కన్నా ఆట ఆగకుండా నడవడం ముఖ్యం. చార్జింగ్ పెట్టి ఆడొద్దు. ఎండాకాలంలో ఫోన్ వేడెక్కితే ప్రాసెసర్ తనంతట తానే వేగం తగ్గించుకుంటుంది. పింగ్ ఎక్కువున్న రోజు తోపులాటలకి పోవద్దు, ప్రతి గెంతూ కాస్త ముందే వేయండి. అప్పటికీ ఓడిపోతే అది మీ వేళ్ల తప్పు కాదని తెలుసుకోండి.

సర్వైవల్ అనే మాట మాకు ఆట మాట మాత్రమే కాదు. 2018 అక్టోబర్ 11 తెల్లవారుజామున తిత్లీ తుఫాను పలాస దగ్గర తీరం దాటింది. మా పక్క ఉద్దానంలో కొబ్బరి, జీడి తోటలు నేలకొరిగాయి. కొబ్బరి మొక్క పెట్టి కాపు చూడాలంటే ఏళ్లు ఆగాలి. ఆటలో పడినవాడు పది సెకన్లలో ఇంకో మ్యాచ్‌లో ఉంటాడు. ఈ ఆటల్లో ఉన్న సుఖమంతా అదే, పడటం ఉచితం. ఉచితం కాబట్టే వందసార్లు పడి నేర్చుకోవచ్చు.

ఆ పడటానికి ఎవరైనా రేటు కట్టారంటే అది వేరే ఆట. "ఎంట్రీ 20 రూపాయలు, గెలిస్తే 300" అని ఎవరో ప్రైవేట్ రూమ్ లింకు పంపారనుకోండి. 32 మంది కడితే 640 అవుతుంది. అందరూ సమానంగా ఆడితే మీ 20 రూపాయలకి సగటున తిరిగొచ్చేది 10 కూడా లేదు. పైన చెప్పిన పద్ధతి పాటించి 10 శాతానికి చేరితే 30 రూపాయలు కదా అంటారా? డబ్బు పెట్టి వచ్చినవాళ్లలో మీలాగే లెక్క తెలిసినవాళ్లే ఉంటారు, ఆ 10 శాతం అక్కడ నిలబడదు. పింగ్ ఎవరికి తక్కువో మీకు తెలియదు, గెలిస్తే ఇస్తాడో లేదో అసలే తెలియదు. పైగా డబ్బు పందెం పెట్టే ఆన్‌లైన్ ఆటల్ని ఆంధ్రప్రదేశ్ 2020లోనే నిషేధించింది. 2025 ఆగస్టులో పార్లమెంటు ఆమోదించిన చట్టంతో దేశమంతటా అదే మాట. మామూలుగా ఆడుకునే పార్టీ గేమ్‌లకి ఆ చట్టంతో ఇబ్బందేమీ లేదు.

స్కిన్‌ల సంగతీ ఇందులోనే. బంగారు రంగు బొమ్మ, రెక్కల బొమ్మ చూడటానికి బాగుంటాయి, వేగం మాత్రం అందరిదీ ఒకటే. పిడిగుద్దు లాంటి కొన్ని ఎమోట్లు ఎదుటివాడిని నెట్టేమాట నిజమే. కానీ నాన్న యూపీఐ పిన్ కొట్టి తెచ్చుకున్న గుద్దు కన్నా, అంచున నడవడం తెలిసినవాడు ఎక్కువసార్లు ఫైనల్ చూస్తాడు.

ఈ వారం ఒక పని చేయండి. వరసగా ఇరవై మ్యాచ్‌లు ఆడి, ప్రతి ఓటమికీ నోట్స్‌లో ఒక్క మాట రాయండి: తొందర, గుంపు, నెట్. ఇరవయ్యోది అయ్యాక లెక్కపెట్టండి. ఏ మాట ఎక్కువసార్లు వచ్చిందో, మీ గండం అదే. "నెట్" ఎక్కువుంటే డాబా ఎక్కండి. "తొందర" ఎక్కువుంటే రెండో వరసలోకి రండి.