దాళ్వా అయ్యాక చూద్దాంలే



మన వైపు ఒక మాట బాగా అలవాటైపోయింది. ఏ మంచి సంగతి ఎత్తినా "దాళ్వా అయ్యాక చూద్దాంలే" అంటాం. అక్కచెల్లెళ్ళింటికి ఒక పూట వెళ్ళొద్దామంటే దాళ్వా అయ్యాక. మోకాలు నొప్పి డాక్టరుకి చూపించుకోమంటే దాళ్వా అయ్యాక. తీరా దాళ్వా అయ్యేసరికి సార్వా నారుమడి ముంచుకొస్తుంది. చెరువులున్నవాళ్ళయితే "ఈ పట్టుబడి కానీ" అంటారు. ఇలా అంటూ అంటూనే తల నెరిసిపోతుంది.

నా అభిప్రాయం సూటిగా చెప్తాను, నచ్చనివాళ్ళు తిట్టండి. సేద్యంలో మిగిలేది డబ్బొక్కటే అయితే మనలో చాలామంది ఎప్పుడో చేను వదిలేసి పోయేవాళ్ళం. ఇంకా చేలోకి దిగుతున్నామంటే ఏదో రుచి ఉండబట్టే కదా. ఆ రుచిని మాత్రం వాయిదా వేసుకుంటూ పోతున్నాం.

ముందు తిండి సంగతే తీసుకోండి. మన మార్టేరులో 1925లో వరి పరిశోధనా స్థానం పెట్టారు. అక్కణ్ణుంచే 1982లో స్వర్ణ వచ్చింది, మనం 7029 అని పిలుచుకునేది. ఒడిశా, బెంగాల్ దాకా పాకిపోయింది. ముంపుకి తట్టుకునే స్వర్ణ సబ్-1 కూడా దాంట్లోంచి పుట్టిందే. అంటే మన పక్క ఊరి విత్తనం సగం తూర్పు దేశానికి అన్నం పెట్టింది. మరి మన ఇంట్లో ఉడికేదేంటి? కొట్లో కొన్న 26 కేజీల సంచీ. 2022లో 25 కేజీల దాకా ఉన్న సంచులకి జీఎస్టీ పడ్డాక ఆ సంచీ 26 అయిందని మీకు తెలిసే ఉంటుంది. పండించినోడు బస్తాలు లారీకెక్కించి, తిరుగు ప్రయాణంలో బండి మీద ఆ సంచీ వేసుకొస్తాడు. నాకైతే ఇది చూస్తే నవ్వాలో ఏడవాలో తెలీదు.

లెక్క కూడా చూడండి. 2025-26కి సాధారణ రకం ధాన్యం మద్దతు ధర క్వింటాకి 2,369 రూపాయలు. మన 75 కేజీల బస్తాకి 1,777 పడుతుంది. బస్తా ఆడిస్తే సుమారు 50 కేజీల బియ్యం దిగుతాయి, తవుడు గేదెకి మిగులుతుంది. కొట్లో బియ్యం రేటు మీరే వేసుకోండి. నేను ఏటా సార్వాలో ఇంటి మట్టుకి కొన్ని బస్తాలు వేరే ఆరబెట్టి పెట్టుకుంటాను. కొత్తలో అన్నం ముద్దయిపోతుంది నిజమే, అందుకే సంక్రాంతికి కొత్త బియ్యం పరమాన్నానికి వాడుకుని మిగతాది ఆర్నెల్లు ఆపుతాం. ఆ తర్వాత పట్టు తక్కువ వేయించి ఆడిస్తే, వార్చేటప్పుడు ఆ గంజి వాసన వీధి గుమ్మం దాకా వస్తుంది.

ఆ గంజి నుంచే తరవాణి. ఇప్పటి పిల్లలకి ఈ పేరే తెలీదు. కుండలో గంజి, అన్నం పోసి పులియబెట్టి, రోజూ కాస్త తీసి మళ్ళీ కాస్త పోస్తూ ఉండేవాళ్ళు మన అమ్మలు. వైశాఖంలో ఎండ మాడ్చేస్తుంటే ఆ పుల్లటి అన్నంలో ఉప్పు, ఉల్లిపాయ, పక్కన పాత ఆవకాయ బద్ద. అది తిని చేలోకెళ్తే పన్నెండింటి దాకా దాహం వేసేది కాదు. ఇప్పుడు పొద్దున్నే సెంటర్లో టిఫిను. టిఫిను తినొద్దని నేననను, పెసరట్టు ఉప్మా ముందు ఎవరైనా ఓడిపోవాల్సిందే.

ఇదంతా కూచుని తినేవాడికి బాగానే ఉంటుంది, ఆ కుండ చూసుకునేదెవరు అని మా ఆవిడ అడుగుతుంది. న్యాయమైన ప్రశ్న. మగాళ్ళం "ఆ రోజుల్లో ఎంత రుచి" అని తెగ మురిసిపోతాం గానీ ఆ రుచుల వెనక ఆడవాళ్ళు తెల్లారుజామున నాలుక్కి లేచేవాళ్ళు. అందుకని మా ఇంట్లో ఆ కుండ పని ఇప్పుడు నాదే. కష్టమేం కాదండి, రోజూ మర్చిపోకుండా చూసుకోవడమే పని.

ఇక అసలు సంగతి. నాకున్నది రెండెకరాలు. అటూ ఇటూ రొయ్యల చెరువులొచ్చేశాయి. ఒక వైపు గట్టు పొడుగునా ఉప్పు ఊట దిగి రెండు వరసలు నారు తిప్పుకోదు. నా చేను కూడా చెరువుకి కౌలుకి అడుగుతున్నారు. వరి కౌలు కంటే చాలా ఎక్కువ ఇస్తామంటున్నారు. మా అబ్బాయి హైదరాబాదు నుంచి ఫోన్లో లెక్క వేసి చూపించాడు. వాడి లెక్కలో తప్పేం లేదు. అయినా ఇవ్వనన్నాను.

చెరువులు వేసినవాళ్ళని నేను తప్పుపట్టను. 2009లో వనామీకి అనుమతి వచ్చాక మనవాళ్ళలో అప్పులు తీర్చుకున్నవాళ్ళున్నారు, ఆడపిల్లల పెళ్ళిళ్ళు చేసినవాళ్ళున్నారు. కానీ వాళ్ళ రాత్రుళ్ళు కూడా చూస్తున్నాను కదా. తెల్లవారుజామున నీళ్ళలో ఆక్సిజన్ పడిపోతుంది. కరెంటు పోతే వెంటనే జనరేటర్ వెయ్యాలి, ఆలస్యమైతే రొయ్య తేలిపోతుంది. అందుకే మకాంలో చెప్పులు వేసుకునే పడుకుంటారు. అంత చేసీ ధర వాళ్ళ చేతిలో ఉందా అంటే, 2025 ఆగస్టులో అమెరికా మన సరుకు మీద సుంకం 50 శాతానికి పెంచితే ఇక్కడ గట్టు మీద మనిషికి అన్నం సయించలేదు. ఎక్కడి మాట ఎక్కడ తగిలింది!

వరిలో బెంగ లేదని కాదు. 2023 డిసెంబరులో మిగ్‌జాం తుపానుకి కోసిన పనలు నీళ్ళలో తేలాయి. తేమ 17 శాతం దాటితే కొనుగోలు దగ్గర పడే అవస్థ మీకు నేను చెప్పక్కర్లేదు. కౌలుదారుడి సంగతి మరీ ఘోరం. ఒకాయన నన్ను నిలదీశాడు కూడా: "నీకు సొంత చేనుంది కాబట్టి తరవాణి, వెన్నెల అంటున్నావ్, కౌలు కట్టాల్సినోడికి ఏం రుచి?" అని. దానికి నా దగ్గర పూర్తి జవాబు లేదు. వెన్నెల చూస్తే అప్పు తీరదు. కాకపోతే చూడకపోయినా తీరదు కదండీ. ఆ అప్పు మన చేత పన్నెండు గంటలు పని చేయించుకుంటుంది, మిగతా కాసేపు కూడా దానికే ఎందుకు రాసివ్వాలి?

వెన్నెలంటే గుర్తొచ్చింది. గునుపూడి సోమారామంలో లింగం పౌర్ణమికి తెల్లబడుతుందని, అమావాస్యకి రంగు ముదురుతుందని చూడ్డానికి ఎక్కడెక్కణ్ణుంచో వస్తారు. కార్తీక పౌర్ణమికి మనమూ వరసలో నిలబడతాం. మంచిదే. కానీ శ్రావణ పౌర్ణమికి ఊడ్చిన చేలో నీళ్ళు నిండుగా ఉన్నప్పుడు, మీ సొంత గట్టు మీద పది నిమిషాలు నిలబడి ఎన్నాళ్ళయింది? టిక్కెట్టు లేదు, వరసా లేదు. సంక్రాంతికి మూడ్రోజులు వచ్చే పట్నం వాళ్ళు ఇదంతా ఫోటోలు తీసుకుని వెళ్తారు. మనం వాళ్ళకి దారి చూపించి, బరి దగ్గరకో, పేకాటకో పోతాం.

నేను చేను ఇవ్వననడానికి కారణం అడిగితే మా అబ్బాయికి ఫోన్లో చెప్పలేకపోయాను, ఇక్కడ చెప్తాను. కాలవలు కట్టేశాక చేలన్నీ నెర్రెలిచ్చి ఉంటాయి. జూన్‌లో ధవళేశ్వరం నుంచి నీళ్ళు వదిలితే మన బోదెకి చేరే రోజు ఒకటుంటుంది. 1852లో కాటన్ దొర ఆనకట్ట పూర్తయినప్పట్నుంచీ మన తాతముత్తాతలందరూ ఆ రోజు గట్టు మీద నిలబడినవాళ్ళే. ముందు ఎండుటాకులు, నురగ, తాటి మట్టలు కొట్టుకొస్తాయి, వెనకాల ఎర్రనీళ్ళు. తూము లాగితే ఆ నెర్రెలు నీళ్ళు తాగే చప్పుడు వినిపిస్తుంది. మట్టి వాసన ఒక్కసారి పైకి లేస్తుంది. ఒకప్పుడు ఆ నీళ్ళతో చేదుపరిగెలు కూడా చేలోకొచ్చేవి, మందులు ఎక్కువయ్యాక ఇప్పుడవి అరుదైపోయాయి. చేను చెరువైతే ఆ రోజే ఉండదు. ఏడాది పొడుగునా నీళ్ళే, ఇక నీళ్ళొచ్చిన రోజేముంటుంది! దానికి కౌలు ఎంతని కట్టమంటారు?

ఇంకా ఎన్నాళ్ళు ఇలా నిలబడగలనో తెలీదు. ఆ ఉప్పు ఊట మూడో వరసకి వస్తే నా మాట మారొచ్చు. అందాకా మాత్రం దున్నుతాను.

ఈ సార్వాలో ఇంటి మట్టుకి అయిదారు బస్తాలు వేరే పెట్టుకుందామనుకునేవాళ్ళు ఉంటే నన్నడగండి. మా పక్క ఊళ్ళో చిన్న మర ఒకటి ఇంకా నడుస్తుంది. పట్టు తక్కువ వెయ్యమంటే వేస్తాడు, తవుడు కూడా మనకే ఇచ్చేస్తాడు.